కుప్పం సర్వరుకు కావలి

మా ముత్తాత పెదవెంకటపతి నాయనివారికి గుర్రంకొండ కింది పల్లెల కావలి హక్కు ఉండేది. కల్లంలో పంట ఉన్నా, మేతకు పశువు పోయినా, సంత ముగించుకుని మనిషి ఇంటిదారి పట్టినా, వాటి మంచిచెడ్డలకు మా ఇల్లు జవాబుదారీ. పశువు పోతే వెతికి తేవాలి. తేలేకపోతే మా మందలోంచి ఇవ్వాలి. అందుకు ప్రతి కల్లంలోనూ మాకొక భాగం తీసిపెట్టేవారు. మా తాత వీరరాఘవ నాయనివారి కాలానికి హక్కు పోయి పిలుపు మిగిలింది. మా నాన్న సోమల దగ్గరి మెట్టపొలంలో వేరుశనగ వేసి వానకోసం ఎదురుచూశారు గానీ, ఏనాడూ నడుం వంచి నడవలేదు. నేను మదనపల్లెలో డిగ్రీ చదివి, కంప్యూటరు నేర్చుకుని, ఒక పాల డెయిరీలో జీతానికి చేరాను. ఆ డెయిరీ చైర్మన్ చెంగల్రాయప్ప గారి తాత మా ఇంటికి పాలు పోసేవాడని నాన్న చెప్పేవారు. ఆ సంగతి చైర్మన్ గారికి తెలుసో తెలియదో నాకు తెలియదు. నేను ఎన్నడూ ఎత్తలేదు.

ఈ పనిలోకి కొత్తగా వస్తున్న పిల్లలు కొందరు నన్ను సర్వరు మానిటరింగ్ గురించి రాసిపెట్టమని అడిగారు. ప్రమోషన్ల గురించి, ఆఫీసు కాగితాల గురించి రాయను. వాటివల్ల ఎవరూ ఏమీ నేర్చుకోరు. నన్ను బాగా తికమక పెట్టిన రెండు మూడు సంగతులు మాత్రం రాస్తాను. వాటిలో కొన్ని ఇప్పటికీ నాకు పూర్తిగా తేలలేదని ముందే చెబుతున్నాను.

పుంగనూరులో అంతా బాగుండేది

తొంభైల చివర్లో మా డెయిరీకి మూడుచోట్ల కంప్యూటర్లు వచ్చాయి. మదనపల్లెలో హెడ్డాఫీసు. పుంగనూరులోనూ కుప్పంలోనూ పాలు చల్లబరిచే సెంటర్లు. పల్లెల నుంచి క్యాన్లలో వచ్చిన పాలను తూచి, వెన్న ఎంతుందో చూసి, ఆ వివరాలు కంప్యూటరులో ఎక్కించాలి. అవి ఫోను లైను మీద మదనపల్లెకు చేరాలి. మూడు యంత్రాలూ సవ్యంగా నడుస్తున్నాయో లేదో కనిపెట్టుకుని ఉండడం నా ఉద్యోగం.

మొదట్లో నా మానిటరింగ్ అంతా టెలిఫోనే. ఆఫీసుకు రాగానే పుంగనూరుకు ఫోను చేసేవాణ్ణి. అక్కడి ఆపరేటరు పేరు షఫీ.

"షఫీ, మిషన్ బాగుందా?"

"బాగుండాది సార్. మీరు బాగుండారా?"

"బాగున్నాను."

అక్కడితో ఆ రోజుకు కావలి అయిపోయేది. ఒకసారి వేరే పనిమీద పుంగనూరు వెళితే షఫీ రసీదులు చేత్తో రాస్తూ కనిపించాడు. కంప్యూటరు మీద తుండుగుడ్డ కప్పి ఉంది.

"ఏమైంది దీనికి?"

"డిస్కు నిండిపోయిండాది సార్. ఏం కొట్టినా తీసుకోదు."

"ఎప్పటినుంచి?"

"పోయిన సంతకాణ్ణించి సార్."

"ఈ పొద్దున కూడా బాగుందన్నావే."

షఫీ నా ముఖంలోకి నిజంగానే అర్థంకానట్టు చూశాడు. "పొద్దున్నే మీరంత మర్యాదగా బాగుండాదా అని అడిగితే, లేదని ఎట్ల సెప్పేది సార్? ఆ మాట నోట్లోనించి రాలా. డిస్కులో ఎంత ఖాళీ ఉండాది అని అడిగింటే సెప్పుందును."

నాకు కోపం వచ్చింది. బస్సులో తిరిగి వస్తూ ఆలోచిస్తే, ఎవరిమీద కోపమో తేలలేదు. మన వైపు ‘బాగుండారా’ అన్నది పలకరింపు. జ్వరంతో మూలుగుతున్నవాడు కూడా బాగుండాను అనే అంటాడు, ఆ తర్వాతే జ్వరం సంగతి చెబుతాడు. నేను ఆ తర్వాతి మాట వినకుండా ఫోను పెట్టేస్తున్నాను. అందుకే పిల్లలకు మొదట చెప్పే మాట ఇది: మనిషినైనా, యంత్రాన్నైనా, జవాబుగా అంకె వచ్చేటట్టు అడగండి.

యంత్రాన్ని ఏమడగాలి

కొన్నేళ్లకు టెలిఫోను డిపార్టుమెంటు వాళ్లు ఎప్పుడూ కలిసే ఉండే లైను ఇచ్చారు. మూడుచోట్లా లైనక్స్ సర్వర్లు పెట్టాం. అప్పుడు నేను ఒక చిన్న ప్రోగ్రాము రాశాను. మదనపల్లె సర్వరు కొద్ది నిమిషాలకొకసారి మిగతా రెండింటినీ పలకరిస్తుంది. డిస్కులో ఎంత చోటు మిగిలింది, మెమరీ ఎంత వాడుతున్నావు, పని ఎంత బరువుగా ఉంది అని అడుగుతుంది. అన్నిటికంటే ముందు, పిలిస్తే పలుకుతున్నావా అని చూస్తుంది. మాది పాల వ్యాపారం కాబట్టి పాల ట్యాంకు చల్లదనం కొలిచే తీగను కూడా సర్వరుకు కలిపాం. అంకెలన్నీ ఒక ఫైలులో చేరతాయి. వాటినుంచి గీత గీస్తుంది. అంకె హద్దు దాటితే నా సెల్‌ఫోనుకు మెసేజి వస్తుంది. మీరు వాడే పెద్ద పెద్ద సాఫ్ట్‌వేర్లు చేసేదీ ప్రాథమికంగా ఇదే.

హద్దు ఎక్కడ పెట్టాలన్నది ఈ పనిలో సగం. నేను మొదట మరీ దగ్గరగా పెట్టాను. ఊరికే మొరిగే కుక్కలాగా ఫోను మోగుతూనే ఉండేది. చైర్మన్ గారు ఆ మెసేజిలు తనకూ రావాలన్నారు. పెళ్లిళ్లలో, మీటింగుల్లో ఫోను మోగితే పక్కవాళ్లకు చూపించి, "నా మిషన్లు నాతో మాట్లాడతాండాయి" అనేవారు. నేను హద్దులు సరిచేశాక మెసేజిలు తగ్గిపోయాయి. ఆయన నన్ను పిలిపించారు.

"యాల నా మిషన్లు మాట్లాడటం లేదు?"

"ఏదీ చెడలేదు సార్."

"చెడకపోతే మాట్లాడగూడదా? మన ఇంట్లోవాళ్లు చెడినప్పుడే మాట్లాడతారా?"

ఎవరైనా లేచి ఏదైనా చేయవలసి ఉంటే తప్ప యంత్రం మెసేజి పంపకూడదన్నది నా అభిప్రాయం. ఇప్పటికీ అదే. అయినా చైర్మన్ గారికోసం పొద్దున్నే ఒక క్షేమసమాచారం పంపే ఏర్పాటు చేశాను. దానివల్ల నష్టమేమీ లేదనుకున్నాను.

తెగే గీత

పిలిస్తే పలికినంతసేపూ గీత ఆకుపచ్చగా సాగుతుంది. పలకకపోతే అక్కడ తెగుతుంది. పుంగనూరు గీత వారం పొడుగునా నిండుగా ఉండేది. కుప్పం గీత మాత్రం ప్రతిరోజూ గంటన్నర తెగేది. రోజూ ఒకే వేళకైతే ఏదో ఒకటి అనుకోవచ్చు. సోమవారం పొద్దున్నే తెగేది, మంగళవారం మూడు దాటాక, బుధవారం మిట్టమధ్యాహ్నం, శనివారం మళ్లీ పొద్దున. వారాల తరబడి అదే వరస.

కరెంటు కోత అనుకున్నాను. కుప్పంలో కోతల వేళలు వేరని తెలిసింది. శాంతిపురం వైపు రాళ్లు కోసే యంత్రాలు కరెంటును లాగేస్తున్నాయేమో అనుకున్నాను. అవి రోజుకొక వేళకు నడవవు కదా. టెలిఫోను వాళ్లకు ఫిర్యాదు చేస్తే వచ్చి చూసి, లైను బంగారంలాగా ఉందని రాసిచ్చి పోయారు. చివరకు నా ప్రోగ్రామునే అనుమానించి మొదటినుంచి చదువుకున్నాను. అందులోనూ తప్పు దొరకలేదు.

అంతకంటే పెద్ద తికమక ఇంకొకటి ఉంది. సర్వరును నువ్వు ఆగకుండా ఎంతకాలంగా నడుస్తున్నావు అని అడగవచ్చు. అడిగాను. నెలల తరబడి ఒక్కసారి కూడా ఆగలేదని చెప్పింది. అంటే మదనపల్లె నుంచి చూస్తే అది రోజూ చచ్చి బతుకుతోంది. దాన్నే అడిగితే తనకు కునుకే లేదంటోంది. ఇద్దరు సాక్షులూ నేను పెట్టినవాళ్లే. ఎవరిని నమ్మాలో తెలియలేదు.

ఈలోగా చైర్మన్ గారు ఆ గీతను చూశారు.

"ఇదేంది, కుప్పంలో దినామూ మిషన్ ఆపేస్తాండారా?"

"ఇంకా తెలియదు సార్."

"తెలిసేదేముండాది? ఆపరేటరు పాప ఆపేసి పోతాండాది. ఒక్కో దినం ఒక్కో టైములో పోతాది, పట్టుబడకుండా."

కుప్పం ఆపరేటరు నాగరత్న. శాంతిపురం పక్క పల్లె ఆమెది. తల్లీ తండ్రీ రాళ్ల క్వారీలో కూలికి పోయేవారు. ఆ ఇంట్లో నెల జీతం తెచ్చిన మొదటి మనిషి ఆమే. యంత్రం ఆగలేదని యంత్రమే చెబుతోందని నేను అన్నాను.

"ఆ మిషన్ను చూసుకునేదెవరు? ఆ పాపే గదా. దాంతో అట్ల సెప్పించేదీ ఆ పాపే." ఆయన గీత ఉన్న కాగితాన్ని నా వైపు తోశారు. "శుక్రవారానికంతా మిషన్ ఆపినారని దీనికింద రాసి సంతకం పెట్టు దొరా. ఆ పాపను తీసేసి ఇంకొకర్ని పెట్టుకుందాం."

ఆయన నన్ను దొరా అనే తీరులో సగం వేళాకోళం ఉండేది, మిగతా సగం ఏమిటో నాకు తెలియదు. నేను నాగరత్నకు ఫోను చేశాను.

"నేను ఆపలేదు సార్," అంది.

"మరి ఎందుకు తెగుతోంది?"

"నేను ఆపలేదు సార్," అని మళ్లీ అదే మాట అంది.

కళ్లతో చూడనిదాని కింద సంతకం పెట్టడం మా ఇంట్లో లేదు. కుప్పం బస్సెక్కాను.

మునుస్వామప్ప గారి ప్లగ్గు

పుంగనూరు, పలమనేరు, వి.కోట మీదుగా కుప్పం చేరేసరికి మంగళవారం మధ్యాహ్నమైంది. మా సెంటరు ఉన్న భవనం మునుస్వామప్ప అనే పెద్దరైతుది. సెంటరు బాధ్యత కూడా ఆయనదే. ఆయన కూతుర్ని చైర్మన్ గారి కొడుక్కు ఇచ్చారు. అంటే చైర్మన్ గారికి వియ్యంకుడు. నన్ను ఇంటికి తీసుకుపోయి రాగిసంగటి, చెనక్కాయల ఊరిబిండి పచ్చడి పెట్టించాడు. మా తాత పేరు తాను విన్నానన్నాడు. తిరిగి సెంటరుకు వచ్చి కూర్చున్నాం. నాగరత్న తన పని తాను చేసుకుంటోంది. సర్వరు నడుస్తోంది. దాన్ని లైనుకు కలిపే మోడెం దీపాలు వెలుగుతున్నాయి.

మూడు కాగానే మునుస్వామప్ప లేచి, బల్ల చుట్టూ తిరిగి వచ్చి, మోడెం ప్లగ్గు పీకాడు. బల్లమీది ఫోను తీగ కూడా ఊడదీశాడు. రెండింటినీ ఒక గుడ్డమీద ఒద్దికగా పెట్టి, వెనక్కి వచ్చి కూర్చుని వక్కాకు సంచి తీశాడు. నాగరత్న తలెత్తలేదు.

"పెద్దాయనా, ఎందుకు పీకేశారు?"

"రాహుకాలం గదప్పా."

"రాహుకాలమైతే?"

"లెక్కలు గడప దాటగూడదు." ఎంతో ఓపికగా, పరాయి దేశం మనిషికి చెప్పినట్టు చెప్పాడు. "ఈ టైములో ఇంట్లోనించి మనిషిని పంపిస్తామా, సొమ్ము పంపిస్తామా? పాల లెక్క లచ్చిమి గదా. లోపల ఎంతసేపు రాసుకున్నా దోసం లేదు. బయటికి పోగూడదు. లైను పెట్టిన కొత్తలో ఒకదినం ఈ టైములో లెక్క పోయింది. ఆ సాయంత్రమే ట్యాంకరు పాలు విరిగినాయి. అప్పటినించి నేనే పీకి నేనే పెడతాండా. గంటన్నరకు ఏం మునిగిపోతాది?"

సోమవారం ఏడున్నర, శనివారం తొమ్మిది, శుక్రవారం పదిన్నర, బుధవారం పన్నెండు, గురువారం ఒకటిన్నర, మంగళవారం మూడు, ఆదివారం నాలుగున్నర. కుప్పంలో బడిపిల్లల్ని అడిగినా చెబుతారు. నాకు మాత్రం తట్టలేదు. దొంగ రాహుకాలం చూసుకుని రాడు కాబట్టి కావలివాడికీ మంచిగంట, చెడ్డగంట లేవని మా తాత అనేవారట. మా ఇంట్లో ఆ పట్టింపే లేదు. అది మాకు గొప్ప. ఆ గొప్పవల్ల అన్ని వారాలు ఒక గీత ముందు కూర్చుని కూడా నాకు అది కనబడలేదు.

మునుస్వామప్ప బయటికి పోయాక నాగరత్నను అడిగాను. "ఈ మాట నాకు ఫోనులో చెప్పి ఉంటే సరిపోయేది కదమ్మా."

"సెప్తే ఏమైతాది సార్? చైర్మన్ గారు ఈయన్ను అడుగుతారు. వీళ్ల పాప ఆ ఇంట్లో కాపరం జేస్తాండాది. నా ఉద్యోగం కోసరం ఆడ మాటలు పుట్టించేదా?"

"నీ ఉద్యోగం పోతుందని తెలుసా?"

"తెలుసు సార్. ఏం జేసేదో నాకూ తెలీలా." "నా ఉద్యోగం పోయే సంగతి ఈయనకు సెప్పాకండి సార్. ఇప్పుడే బస్సెక్కి పోయి కలబడతాడు," అంది.

తీర్పు

యంత్రం ఆగలేదు, లైను ఆగింది, ఆపింది ఆపరేటరు కాదు అని మూడు ముక్కలు రాసి సంతకం పెట్టాను. పేరు కాగితంమీద రాయలేదు. చైర్మన్ గారు తలుపు మూయించి అడిగితే నోటితో చెప్పాను.

"బావ పీకతాండాడా?" ఆయన కళ్లద్దాలు తీశారు. "రాహుకాలంలోనా?"

"అవును సార్."

"రోజూనా?"

"రోజూ."

వాటిని కండువాతో తుడుచుకుంటూ కూర్చున్నారు. నేను నిలబడే ఉన్నాను. వియ్యంకుణ్ణి ఎలా మందలించాలో ఆలోచిస్తున్నారనుకున్నాను.

"మరి మదనపల్లెలో మనం యాల పీకటం లేదు?"

ఇక్కడ పీకితే ట్యాంకర్ల పని ఆగిపోతుందని ఎలాగో నచ్చజెప్పాను. అందుకు ఒప్పుకున్నారు గానీ ఇంకొక ఆర్డరు వేశారు. "బావ మన మంచికే చేస్తాండాడు. దాన్ని నీ మిషన్ తప్పని గీయగూడదు. ఆ గంటన్నర కూడా గీత సాగాల."

నాగరత్న ఉద్యోగం నిలిచింది. నేను రాహుకాలం పట్టికను ప్రోగ్రాములో ఎక్కించాను. మా పనిలో దీనికి పద్ధతి ఉంది. మరమ్మతుకోసం సర్వరును ముందే చెప్పి ఆపేటప్పుడు, ఆ వేళలో మెసేజిలు రాకుండా చేస్తాం. అదే వాడాను. ఆ వేళను బూడిదరంగులో గీద్దామని అడిగాను. "బూడిద అంటే అపశకునం. పచ్చగానే ఉండనీ," అన్నారు. పచ్చగానే గీశాను. ఆ రోజు అది అందరికీ మంచిదిగానే కనిపించింది.

పచ్చగా ఉన్న మంగళవారం

కొన్ని నెలల తర్వాత ఒక మంగళవారం మునుస్వామప్ప పొలం పనిమీద శాంతిపురం పోతూ, మూడింటికి ప్లగ్గు పీకమని నాగరత్నకే చెప్పిపోయాడు. ఆమె ప్లగ్గునూ, అలవాటు ప్రకారం ఫోను తీగనూ పీకింది. ఆ తర్వాత కాసేపటికి పాలను చల్లబరిచే కంప్రెసరు ఆగిపోయింది. ట్యాంకులో వేడి పెరగడం ఆమెకు తెరమీద కనిపిస్తోంది. మామూలుగా అయితే అదే అంకె మదనపల్లెకు వచ్చి నా ఫోను మోగాలి. లైను లేదు. ఉన్నా ఆ వేళకు మెసేజిలు నేనే ఆపి ఉంచాను. నా తెరమీద కుప్పం గీత పచ్చగా సాగుతూనే ఉంది.

ప్లగ్గు మళ్లీ పెడితే సరిపోయేది. ఆమె పెట్టలేదు. రోడ్డు దాటి ఎదురుగా ఉన్న ఎస్టీడీ బూతుకు పోయి అక్కణ్ణుంచి నాకు ఫోను చేసింది.

"సార్, ట్యాంకు వేడెక్కతాండాది. కంప్రెసరు తిరగటం లేదు."

నేను పుంగనూరుకు ఫోను చేశాను. షఫీ ఖాళీ ట్యాంకరునూ మెకానిక్కునూ పంపించాడు. పాలు చాలావరకు దక్కాయి. అడుగున కొంత విరిగింది.

మరునాడు చైర్మన్ గారు గీతను ముందు పెట్టుకుని కూర్చున్నారు.

"నీ మిషన్ మూడునించి నాలుగున్నరదాకా అంతా బాగుండాదంటాండాది. పాలు యాల విరిగినాయి?"

"ఆ వేళ మనం చూడలేదు సార్. చూడని వేళను పచ్చగా గీశాం."

"గీసింది నువ్వే గదా."

"అవును సార్."

"పచ్చగా ఉంటే బాగున్నట్టే గదా?"

"అలా అనుకోకూడదు సార్."

"మరి గీసేదెందుకు?" ఆయన గొంతులో వెటకారం లేదు. ఆయనకు నిజంగానే తెలియలేదు. నాకూ ఆ గదిలో అది ఎంత చెప్పినా అర్థమయ్యేటట్టు చెప్పడం చేతకాలేదు. "సర్లే. మిషన్ బాగుండాది. ప్లగ్గు పీకింది ఆ పాప. ట్యాంకు వేడెక్కినప్పుడు సీట్లో లేకుండా రోడ్డుమీద ఉండింది ఆ పాప. సోమవారం రమ్మను. లెక్క తేల్చి పంపించేద్దాం."

సోమవారం వచ్చిన బస్సు

సోమవారం పదకొండు దాటాక నాగరత్న వచ్చింది. ఒంటరిగా రాలేదు. వెనకనే మునుస్వామప్ప, తలకు పాగాతో, చెప్పులు వాకిట్లో విడిచి లోపలికి వచ్చాడు. చైర్మన్ గారు లేచి నిలబడి, "రండి బావా" అని కుర్చీ చూపించారు. ఆయన కూర్చోలేదు. నాగరత్న వైపు చెయ్యి చూపి, "ముందు ఆ పాపను అడగాల్సింది అడగండి," అన్నాడు.

"ట్యాంకు వేడెక్కతాంటే ప్లగ్గు పెట్టకుండా బయటికి యాల పోయినావు?" అని చైర్మన్ గారు అడిగారు.

"లెక్కలు గడప దాటగూడదన్నారు సార్," అంది నాగరత్న. "నేను దాటగూడదని ఎవురూ అన్లేదు."

నేను నవ్వు ఆపుకున్నాను. చైర్మన్ గారు ఆపుకోలేదు, కానీ వెంటనే ముఖం సర్దుకున్నారు.

"సూడప్పా," అన్నాడు మునుస్వామప్ప. "పీకమన్నది నేను. దినామూ పీకేది నేను. ఆ పాప నా మాట దాటలా, రోడ్డు దాటింది. దాటకుంటే పాలన్నీ కాలవలో పోస్తాంటిమి. దీనికోసరం ఎవరినైనా తియ్యాలంటే నన్ను తియ్యండి."

"ఈ పాపను తీస్తామని మీకెవరు సెప్పినారు బావా?"

"ఎవురూ సెప్పలా. పొద్దున బస్టాండులో ఒకతే ఏడస్తా నిలబడిండాది. అడిగితే సెప్పింది. ఆ బస్సే నేనూ ఎక్కినా."

"ఏ బస్సు?"

"ఎనిమిది గంటల బస్సు."

సోమవారం ఎనిమిది అంటే ఏమిటో ఆ గదిలో ఉన్నవాళ్లందరికీ తెలుసు. ఈసారి నాకు కూడా తెలుసు.

"ఇంకో గంట ఆగి రాగూడదా బావా," అన్నారు చైర్మన్ గారు, మెల్లగా.

"ఒకదాన్నే పంపేదెట్ల?" అన్నాడు మునుస్వామప్ప. అప్పుడు కూర్చున్నాడు.

చైర్మన్ గారు గంట కొట్టి అందరికీ కాఫీ తెమ్మన్నారు. నాగరత్నకు కూడా కుర్చీ వేయించారు. ఆమె ఉద్యోగం గురించి ఆ తర్వాత ఎవరూ ఒక్క మాట మాట్లాడలేదు. పోతూపోతూ నాతో, "ఆ గంటన్నర నీ ఇష్టం వచ్చిన రంగు వేసుకో దొరా," అన్నారు.

ఆ సాయంత్రమే ఆ వేళను పచ్చగా గీయడం మాన్పించాను. ఇక మునుస్వామప్ప ప్లగ్గు ముట్టడనుకున్నాను. మరునాడు మంగళవారం మూడింటికి కుప్పం గీత మళ్లీ తెగింది. నాగరత్నకు ఫోను చేస్తే ఎత్తింది. ఫోను తీగ మాత్రం పీకకుండా వదిలేశాడట. ఆ ఎనిమిది గంటల బస్సు ఎక్కినవాడు ఒక్క రోజు తేడాతో మళ్లీ ఎందుకు ప్లగ్గు పీకాడో నాకు అర్థం కాలేదు. వెళ్లినప్పుడల్లా అడగాలనుకుని, రాగిసంగటి తిని వచ్చేసేవాణ్ణి.

పనిలోకి వచ్చే పిల్లలకు నేను చెప్పగలిగింది కొంచెమే. బాగుంది, బాగాలేదు అన్న రెండు రంగులే పెట్టుకోకండి. తెలియదు అన్నదానికి మూడో రంగు పెట్టండి. ఎవరు పచ్చగా గీయమన్నా ఆ రంగును వదులుకోకండి. నేను వదులుకున్నాను, ఒక అమ్మాయి ఉద్యోగాన్ని నిలబెట్టడానికి. దానివల్లనే ఆ ఉద్యోగం రెండోసారి పోబోయింది. ఒప్పుకోకపోతే మొదటిసారే పోయేదేమో. ఏది సరైన పనో ఇన్నేళ్ల తర్వాత కూడా నాకు తేలలేదు. గీత తెగినచోట ఏమైందో తెలియాలంటే మాత్రం బస్సెక్కి వెళ్లి అక్కడ కూర్చోండి.

కుప్పం సెంటరును తర్వాత బెంగళూరు నుంచి వచ్చిన పాల కంపెనీవాళ్లు పనివాళ్లతో సహా తీసుకున్నారు. నాగరత్న అక్కడే ఉంది, ఇప్పుడు సెంటరు బాధ్యత ఆమెదే. పుంగనూరు సెంటరు మూతపడింది. మదనపల్లె హెడ్డాఫీసు స్థలాన్ని కల్యాణమంటపం కట్టేవాళ్లకు అమ్మేశారు.